మాకెప్పుడు పప్పన్నం?



మా గుణదలలో ఒకింట్లో పోపు వేస్తే నాలుగిళ్ళవాళ్ళు తుమ్ముతారు. ఎవరి పిల్లకి సంబంధం తప్పిపోయినా ఆ కబురు రైలుగేటు దాటి అవతలివాళ్ళకి చేరాకే కన్నతల్లికి తెలుస్తుంది!

ఇదెందుకు చెబుతున్నానంటే, మొన్న మా ఇంటిల్లిపాదీ కూర్చుని ‘కేరాఫ్ కంచరపాలెం’ సినిమా చూశాం. 2018లో వచ్చింది. కంచరపాలెం విశాఖపట్నంలో ఓ పేట. దర్శకుడు వెంకటేష్ మహా పేరున్న తారల జోలికి పోకుండా, చాలావరకు ఆ పేట మనుషులచేతే వేషాలు వేయించాడు. 1948లో ఇటలీలో డిసీకా కూడా ‘బైసికిల్ థీవ్స్’కి ఓ ఫ్యాక్టరీ కార్మికుణ్ణి కథానాయకుణ్ణి చేశాడు. అది ఏడిపిస్తుంది, ఇది నవ్విస్తుంది. దీనికి డబ్బు పెట్టిన పరుచూరి ప్రవీణ అమెరికాలో ఉండే మన తెలుగావిడే. సలీమా వేషమూ ఆవిడే వేసింది.

కథలో రాజు ఓ ఆఫీసు అటెండరు. 49 ఏళ్ళొచ్చినా పెళ్ళి కాలేదు. ఆయనకి లేని బెంగ పేటవాళ్ళకి! ఏదో లోపం ఉందని గుసగుసలు, ఆపైన పెద్దల విచారణ. అందరం పగలబడి నవ్వాం. నవ్వుతూనే మా వీధి చివరి మాస్టారు గుర్తొచ్చి గతుక్కుమన్నాను. ‘మాకెప్పుడండీ పప్పన్నం?’ అని ఆయన్ని నేనెన్నిసార్లు అడిగానో!

ఇదే సినిమాలో జోసెఫ్‌కీ భార్గవికీ మతం అడ్డొస్తుంది. మా మేరీమాత కొండకి ఫిబ్రవరి తిరునాళ్ళలో కొబ్బరికాయలు పట్టుకెళ్ళే హిందువులు ఎందరో. మొక్కుకి అడ్డురాని మతం పెళ్ళి మాటెత్తగానే వచ్చి కూర్చుంటుంది చూశారా!

రాజు ఆఫీసుకి రాధ అని ఒడిశా ఆవిడ అధికారిణిగా వస్తుంది. 42 ఏళ్ళు, భర్త లేడు, ఎదిగిన కూతురుంది. ఇద్దరికీ మనసు కలుస్తుంది. ఈ వయసులో మళ్ళీ పెళ్ళేమిటని ఆవిడ అన్న అడ్డుపడతాడు.

అక్కడ మా ఇంట్లో నవ్వు ఆగింది. మా ఆడపడుచు 38వ ఏట భర్తను పోగొట్టుకుని మా దగ్గరికొచ్చింది. పన్నెండేళ్ళుగా మా పిల్లలకి జడలు వేస్తూ, మాకు ఆవకాయ కలుపుతూ ఉంది. తనకేం కావాలో మేమెప్పుడూ అడగలేదు.

“వదినా, వాళ్ళన్నయ్య ఒప్పుకుంటాడంటావా?” అంది మెల్లిగా.

మావారు పేపరు ముఖానికి అడ్డం పెట్టుకున్నారు.

చివరి మలుపు నేను చెప్పను, మీరే చూడండి. మర్నాడు మా ఆడపడుచు ఆ సినిమా మళ్ళీ పెట్టమంది. ఈసారి మావారు పేపరు మడిచి పక్కన పెట్టి, చెల్లెలి పక్కనే కూర్చున్నారు.