వాయిదా తప్పితే న్యాయం పోతుందా?



కోర్టు అంటే మనకు భయం. "కాగితంలో ఒక్క తప్పున్నా కేసు కొట్టేస్తారు" అంటారు. "ఒక్క వాయిదాకి పోకపోతే పొలం పోయినట్టే" అంటారు. ఇందులో నిజమెంత?

కోర్టుకు కొన్ని పద్ధతులున్నాయి. దావా వేయడానికి గడువుంది. అప్పీలుకు గడువుంది. ఎదుటివారికి సమన్లు పంపాలి. ఇవన్నీ ఎందుకు? ఇద్దరి మాటా వినడానికి. ఒకరికి తెలియకుండా ఇంకొకరు తీర్పు తెచ్చుకోకుండా ఉండడానికి.

పొలానికి గట్టు ఎలాంటిదో, కేసుకు పద్ధతి అలాంటిది. గట్టు ఉండాల్సిందే. కానీ గట్టు కోసం పొలం లేదు గదా! పొలం కోసమే గట్టు.

అలహాబాదు హైకోర్టులో ఒక అప్పీలు విచారణకు వచ్చింది. ఆ రోజు వకీలు రాలేదు. కోర్టు అప్పీలు కొట్టేసింది. అప్పీలు వేసినవాళ్లు సుప్రీంకోర్టుకు పోయారు. 1981లో సుప్రీంకోర్టు ఏమన్నది? పల్లెటూరి మనిషి వకీలును పెట్టుకుని, ఫీజు ఇచ్చి, ఇక ఆయనే చూసుకుంటాడని నమ్ముతాడు. వకీలు చేసిన తప్పుకు ఆ మనిషిని శిక్షించకూడదు అన్నది. అప్పీలు మళ్లీ వినమన్నది.

1987లో ఇంకో తీర్పు వచ్చింది. అది జమ్మూకాశ్మీరులో భూసేకరణ కేసు. అప్పీలు నాలుగు రోజులు ఆలస్యమైంది. గడువు దాటిందని హైకోర్టు వినలేదు. సుప్రీంకోర్టు ఆ ఆలస్యాన్ని మన్నించింది. ఒకపక్క పద్ధతి, ఇంకోపక్క అసలు న్యాయం ఉంటే, న్యాయం వైపే మొగ్గాలని చెప్పింది. అక్కడ ఆలస్యం చేసింది సర్కారు. కానీ ఆ సూత్రం మనకూ వర్తిస్తుంది.

అయితే, ఎప్పుడు పోయినా వింటారని కాదు. ఆలస్యానికి తగిన కారణం చూపాలి. జబ్బు చేసిందా? ఆస్పత్రి చీటీ దాచుకోవాలి. సమన్లు అందలేదా? ఆ మాటే చెప్పాలి. అబద్ధం చెబితే అసలుకే మోసం.

భూమి, ఇల్లు, అప్పు వంటి సివిల్ కేసుల్లో ఈ సంగతులు గుర్తుంచుకోవాలి:

మనం వేసిన దావాను వాయిదాకి రాలేదని కొట్టేస్తే, మళ్లీ వినమని 30 రోజుల్లోగా అర్జీ పెట్టాలి.

మనం లేనప్పుడు మన మీద ఎక్స్‌పార్టీ డిక్రీ వస్తే, దాన్ని రద్దు చేయమని 30 రోజుల్లోగా అడగాలి. సమన్లు సరిగా అందకపోతే, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి లెక్క.

ఆ గడువూ దాటితే, కారణం రాసి, ఆలస్యం మన్నించమని ఇంకో అర్జీ పెట్టాలి.

వకీలుకు ఇవ్వడానికి డబ్బు లేదా? న్యాయసేవల చట్టం 1987లో వచ్చింది. 1995 నుంచి అమలులో ఉంది. దాని ప్రకారం ఆడవాళ్లు ఉచితంగా వకీలును అడగొచ్చు. ఆదాయం ఎంత అనే లెక్క లేదు. జిల్లా కోర్టు దగ్గర జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉంటుంది. అక్కడ అర్జీ ఇవ్వాలి. 15100 నంబరుకు ఫోన్ చేసినా దారి చెబుతారు.

ఇప్పుడు మనకు అక్షరం వచ్చింది. ఇంటికి కోర్టు కాగితం వస్తే దూలంలో దోపకండి. తేదీ చదవండి. ఏ కోర్టో చదవండి. వాయిదా రోజును గోడ మీది క్యాలెండరులో గుర్తు పెట్టండి. ఒకవేళ వాయిదా తప్పిపోతే, అంతా అయిపోయిందని ఇంట్లో కూర్చోకండి. తెలిసిన రోజే కదలండి. మన మాట వినిపించడానికి దారి ఉంది.