కొనే ముందు రాసే జాబితా

(పూర్వ విద్యార్థుల సంఘం స్వర్ణోత్సవాల రెండో రోజు ఉదయం సదస్సులో చేసిన ప్రసంగ పాఠం)

 

నిర్వాహకులు నాకిచ్చిన అంశం షేర్లలో తొలి అడుగు. ముప్పై ఏళ్లుగా కంపెనీల లెక్కలు తనిఖీ చేసే పనిలో ఉన్నాను కాబట్టి ఈ బాధ్యత నాకు అప్పగించారు. నిన్న సాయంత్రం నుంచి ఇక్కడ కలిసినవాళ్లలో సగం మంది ఒకే మాట అడిగారు: "ఏ షేరు కొనమంటావు?" దానికి నేను జవాబు చెప్పను. రుసుము తీసుకుని పెట్టుబడి సలహా ఇవ్వాలంటే సెబీ దగ్గర నమోదై ఉండాలి. నేను అలా నమోదైన సలహాదారుణ్ని కాను. ఈ ప్రసంగంలో వచ్చే కంపెనీల పేర్లు ఉదాహరణలే గానీ సిఫార్సులు కావు. ఆ ప్రశ్నకు జవాబు మీరే వెతుక్కునే పద్ధతి మాత్రం చెబుతాను. దాన్ని వాచ్‌లిస్ట్ అంటారు. అంటే ఇంకా కొనని, కొనాలా వద్దా అని గమనిస్తున్న కంపెనీల జాబితా.

ఈ హాల్లో రెండు రకాల వాళ్లున్నారు. ఒకరు ఈమధ్యే రిటైరై, జీవితమంతా కూడబెట్టిన పీఎఫ్, గ్రాట్యుటీ ఒక్కసారిగా చేతికి వచ్చినవాళ్లు. రెండో వాళ్లు నిన్నగాక మొన్న ఉద్యోగంలో చేరి, ఫోన్‌లోనే డీమ్యాట్ ఖాతా తెరిచిన తమ్ముళ్లు, చెల్లెళ్లు. వయసులో నలభై ఏళ్ల తేడా ఉన్నా ఇద్దరికీ ఉన్న ప్రమాదం ఒక్కటే, తొందర. 2024 సెప్టెంబరులో సెబీ ఒక అధ్యయనం విడుదల చేసింది. 2021-22 నుంచి 2023-24 వరకు మూడు ఆర్థిక సంవత్సరాల్లో ఫ్యూచర్స్, ఆప్షన్స్‌లో లావాదేవీలు చేసిన వ్యక్తుల్లో 93 శాతం మంది నష్టపోయారని అందులో తేలింది. అందరి నష్టం కలిపితే 1.8 లక్షల కోట్ల రూపాయలు దాటింది. ఫ్యూచర్స్, ఆప్షన్స్ వేరు, షేరు కొని దాచుకోవడం వేరు. కానీ చాలామంది పిల్లలు ఈ రెండూ ఒకే యాప్‌లో, ఒకే వారంలో మొదలుపెడుతున్నారు. అందుకే ఈ హెచ్చరిక ముందే చెబుతున్నాను.

ఇక పనిలోకి వద్దాం. ప్రతి యాప్‌లోనూ వాచ్‌లిస్ట్ అనే సదుపాయం ఉంటుంది. పేర్లు చేర్చుకుంటే ధరలు ఎరుపులోనో ఆకుపచ్చలోనో మెరుస్తూ కనిపిస్తాయి. అది ధరల పట్టిక మాత్రమే. నేను చెప్పే జాబితాకి ఒక లాంగ్ నోట్‌బుక్ కావాలి. కంపెనీకి రెండు పేజీల చొప్పున కేటాయించండి. పది, పన్నెండు కంపెనీలు చాలు. ఒకే రంగం నుంచి మూడుకు మించి వద్దు.

పేర్లు ఎక్కడి నుంచి వస్తాయి? మీ వృత్తి నుంచి, మీ ఇంటి నుంచి మొదలుపెట్టండి. మందుల షాపు నడిపే మిత్రుడికి ఏ కంపెనీ మందులు డాక్టర్లు ఎక్కువగా రాస్తున్నారో నాకన్నా బాగా తెలుసు. ఎరువుల డీలరుకు ఏ బస్తా ముందు అయిపోతుందో తెలుసు. హైదరాబాదు చుట్టుపక్కల ఔషధ కంపెనీల్లో పనిచేసిన మనవాళ్లు ఎందరో ఉన్నారు. 1984లో మొదలైన డాక్టర్ రెడ్డీస్, 1990లో మొదలైన దివీస్ లాంటివి ఏం తయారుచేస్తాయో, ఎవరికి అమ్ముతాయో వారికి పుస్తకం చూడకుండానే తెలుసు. మొదటి జాబితాకు ఆ పరిచయం మంచి పునాది.

పునాది అంటే అదే ఇల్లు కాదు. పరిచయం ఉన్న పేరు మీద మూడు విషయాలు వెంటనే చూసుకోవాలి. మొదటిది, ఆ సంస్థ షేరు మార్కెట్లో ఉందా? అమూల్ పేరు తెలియని ఇల్లు లేదు, కానీ అది సహకార వ్యవస్థ. ఎక్స్ఛేంజీలో దాని షేరు దొరకదు. రెండోది, మనకు తెలిసిన సరుకు వెనకున్న కంపెనీ ఏది? సర్ఫ్ ఎక్సెల్ మీద నమ్మకం ఉంటే నోట్‌బుక్‌లో రాయాల్సిన పేరు హిందుస్థాన్ యూనిలీవర్. మూడోది, ఆ కంపెనీ ఆదాయంలో ఆ సరుకు వాటా ఎంత? ఐటీసీని తీసుకోండి. సిగరెట్లు అదే చేస్తుంది, ఆశీర్వాద్ గోధుమ పిండి అదే అమ్ముతుంది, భద్రాచలం దగ్గర సారపాకలో కాగితపు మిల్లూ దానిదే. పిండి చూసి ముచ్చటపడి షేరు కొంటే మిగతా వ్యాపారాలన్నీ కలిపి కొన్నట్టే.

పేర్లు కుదిరాక ఒక్కో కంపెనీకి ఆరు గడులు గీయండి.

మొదటి గడిలో ఆ కంపెనీ డబ్బు ఎలా సంపాదిస్తుందో రెండు వాక్యాల్లో, ఎనిమిదో తరగతి పిల్లవాడికి అర్థమయ్యేలా రాయండి. రాయలేకపోతే ఆ పేరు అక్కడే తీసేయండి.

రెండో గడిలో ఐదేళ్ల అమ్మకాలు, నికర లాభం. ఒక్క ఏడాది మార్కులు చూసి పిల్లవాడి చదువు తేల్చలేమని ఇక్కడున్న మాస్టార్లకు నేను చెప్పనక్కర్లేదు.

మూడో గడిలో, లాభం పక్కనే, వ్యాపార కార్యకలాపాల నుంచి వచ్చిన నగదు. కిరాణా కొట్టులో సరుకంతా అరువుకిచ్చి ఖాతా పుస్తకంలో లాభం రాసుకోవచ్చు, గల్లాపెట్టె మాత్రం ఖాళీగా ఉంటుంది. ఏళ్ల తరబడి లాభం పెరుగుతూ నగదు పెరగకపోతే, ఆ అరువు ఎవరి దగ్గర ఉందో అడగాల్సిందే.

నాలుగో గడిలో అప్పు, దాని మీద కట్టే వడ్డీ. బ్యాంకులకు మాత్రం ఈ మూడో, నాలుగో గడులు పనికిరావు. డిపాజిట్లు తెచ్చి అప్పులివ్వడమే వాటి వ్యాపారం. బ్యాంకు పేరు రాస్తే ఆ చోట మొండి బకాయిల శాతం రాయండి.

ఐదో గడిలో ప్రమోటర్ల వాటా ఎంత, అందులో తాకట్టు పెట్టింది ఎంత. దీని సంగతి కాసేపట్లో విడిగా చెబుతాను.

ఆరో గడి ధర. ఇరవై రూపాయల షేరు చవక, వెయ్యి రూపాయల షేరు ఖరీదు అనుకోవడం కొత్తవాళ్లందరికీ ఉన్న భ్రమ. ఒక కంపెనీకి 100 కోట్ల షేర్లున్నాయి, ఒక్కోటి 20 రూపాయలు. మొత్తం విలువ 2,000 కోట్లు. ఇంకో కంపెనీకి కోటి షేర్లే ఉన్నాయి, ఒక్కోటి 1,000 రూపాయలు. మొత్తం విలువ 1,000 కోట్లు. రెండింటి లాభమూ సమానమైతే ఇరవై రూపాయల షేరే ఖరీదైనది! అందుకే ధరను లాభంతో పోల్చాలి. షేరు ధర 500, ఏడాదికి ఒక్కో షేరు మీద లాభం 25 అయితే పీఈ 20 అంటారు. లాభం అలాగే ఉండి మొత్తం మనకే పంచినా, పెట్టిన డబ్బు తిరిగి రావడానికి 20 ఏళ్లన్నమాట. ఆ సంఖ్యను అదే కంపెనీ పాత సంఖ్యలతో, అదే రంగంలోని తోటి కంపెనీలతో పోల్చండి. ఒక రోజు పొద్దున్నే ధర సగమై కనిపిస్తే గాభరా పడకుండా, బోనస్ ఇచ్చారా, షేరును విభజించారా అని చూడండి.

ఐదో గడి సంగతి ఇప్పుడు చెబుతాను. మన హైదరాబాదులోనే జరిగిన కథ కాబట్టి మీకందరికీ గుర్తుండే ఉంటుంది. 2009 జనవరి 7న సత్యం కంప్యూటర్స్ అధినేత రామలింగరాజు లేఖ బయటికొచ్చింది. లెక్కల్లో చూపిన నగదు, బ్యాంకు నిల్వల్లో 5,040 కోట్ల రూపాయలు అసలు లేనే లేవని అందులో ఉంది. ఆ ఒక్కరోజులో షేరు విలువలో మూడొంతులకు పైగా ఆవిరైపోయింది. ఆడిటర్లు సంతకం పెట్టిన లెక్కలవి. అంతకు ముందు ఏడాదే ఆ కంపెనీకి కార్పొరేట్ పాలనలో అవార్డు కూడా వచ్చింది. పెద్ద పెద్ద విదేశీ ఫండ్లే మోసపోయాయి. మన నోట్‌బుక్ ఆ మోసాన్ని పట్టుకునేదని నేను అనను.

కానీ కొన్ని విషయాలు అందరికీ కనిపించేలానే ఉన్నాయి. 2001లో నాలుగో వంతుకు కాస్త పైగా ఉన్న ప్రమోటర్ల వాటా 2008 మార్చి నాటికి 9 శాతం లోపుకు దిగిపోయింది. ఇది రహస్యం కాదు, కంపెనీ తానుగా వెల్లడిస్తూ వచ్చిన వివరమే. 2008 డిసెంబరు 16న ప్రమోటరు కుటుంబానికే చెందిన రెండు మేటాస్ కంపెనీలను సత్యం డబ్బుతో కొంటామని ప్రకటించి, వాటాదారులు మండిపడటంతో గంటల్లోనే వెనక్కి తగ్గారు. లేఖకు మూడు వారాల ముందు మాట ఇది. ఐదో గడి నింపుతూ వచ్చినవాడికి "యజమానే తన వాటా ఎందుకు తగ్గించుకుంటున్నాడు?" అన్న ప్రశ్న ఎప్పుడో తట్టేది. జవాబు దొరకని ప్రశ్న ఉన్నచోట డబ్బు పెట్టకుండా ఉండటానికి మోసం జరిగిందని రుజువు అక్కర్లేదు. ఆ ఉదంతం తర్వాతే, తాకట్టు పెట్టిన ప్రమోటర్ల షేర్ల వివరాలు వెల్లడించడం తప్పనిసరి అని సెబీ 2009 జనవరిలో నిర్ణయించింది. ఎందరో నష్టపోయాక మనకు దక్కిన గడి అది. దాన్ని ఖాళీగా వదలకండి.

ఈ వివరాలన్నీ ఎక్కడ దొరుకుతాయి? బీఎస్ఈ, ఎన్ఎస్ఈ వెబ్‌సైట్లలో, కంపెనీ సొంత వెబ్‌సైట్‌లో, పైసా ఖర్చు లేకుండా. మనకు క్వార్టర్లీ, హాఫియర్లీ, యాన్యువల్ పరీక్షలు ఉండేవి కదా, కంపెనీలకూ అంతే. మూడు నెలలకోసారి, త్రైమాసికం ముగిసిన 45 రోజుల్లోగా ఫలితాలు ప్రకటించాలి. ఏడాది ఫలితాలకు 60 రోజుల గడువు. వాటాదారుల వివరాలైతే 21 రోజుల్లోగా ఇవ్వాలి. వార్షిక నివేదికలో రంగుల ఫొటోలు, ఛైర్మన్ సందేశం ముందుంటాయి. మీరు వెనక నుంచి మొదలుపెట్టండి. ఆడిటరు నివేదిక, లెక్కల కింది నోట్లు, సొంత మనుషుల కంపెనీలతో జరిపిన లావాదేవీలు, కోర్టుల్లో ఉన్న పన్ను వివాదాలు అక్కడే ఉంటాయి. మాలాంటివాళ్లు కాగితాలు చదివే వరుస అదే.

జాబితా మొదలుపెట్టాక కనీసం రెండు త్రైమాసిక ఫలితాలు వచ్చేవరకు ఏదీ కొనకండి. ప్రతి పేరు కింద తేదీ వేసి రెండు వాక్యాలు రాయండి: దీన్ని ఎందుకు గమనిస్తున్నాను, ఏం జరిగితే కొట్టేస్తాను. రెండో వాక్యమే ముఖ్యం. కొన్నాక మనసు సాకులు వెతుకుతుంది. కొనక ముందు రాసిన వాక్యం మాత్రం మారదు. ధర వారానికొకసారి, శనివారం నాడు రాసుకుంటే చాలు. గంటగంటకూ చూసే అలవాటు మనిషిని గమనించే దగ్గర్నుంచి జూదమాడే దగ్గరికి తీసుకెళ్తుంది.

ఈ పద్ధతి విని మన లెక్కల మాస్టారు నిన్న రాత్రి భోజనాల దగ్గర ఒక ప్రశ్న వేశారు. "ఒరేయ్, ఆరు నెలలు ఇంత రాసి, చివరికి పన్నెండులో తొమ్మిది కొట్టేస్తే శ్రమంతా దండగే కదరా?" మాస్టారూ, ఆ తొమ్మిది కొట్టివేతలే మీ శ్రమకు ఫలితం. కొట్టేసిన ప్రతి పేరూ తొందరలో ఉంటే కొనేసే పేరే. ఆ పేజీలు చింపకండి. ఏ కారణంతో కొట్టేశారో రాసి ఉంచండి. రెండేళ్ల తర్వాత చూసుకుంటే మీ ఆలోచన ఎక్కడ సరిగ్గా ఉందో, ఎక్కడ అతిజాగ్రత్త అయిందో అవే చెబుతాయి. పన్నెండూ పోతే? పోనివ్వండి. అప్పటికీ మార్కెట్లో ఉండాలనిపిస్తే నిఫ్టీ 50 లాంటి సూచీని అనుసరించే ఇండెక్స్ ఫండ్ ఉంది. నోట్‌బుక్ నింపే ఓపిక లేనివాళ్లకూ అదే మేలైన దారి.

ఎంత పెట్టాలన్నది ఒక్క మాటలో చెబుతాను. అప్పు తెచ్చిన డబ్బు, ఐదేళ్లలోపు అవసరమయ్యే డబ్బు, ఇంట్లో వైద్యానికి దాచిన డబ్బు ఈ జాబితా దరిదాపులకు రాకూడదు. రిటైరైన పెద్దలు నెల ఖర్చులకు ఆధారమైన మొత్తాన్ని ముందు భద్రమైన చోట పెట్టాకే మిగతాది ఆలోచించాలి. నామినీ పేరు రాయడం, డీమ్యాట్ ఖాతా ఉందన్న సంగతి ఇంట్లోవాళ్లకు చెప్పడం మరచిపోవద్దు.

మరో సంగతి. మన బ్యాచ్‌ల వాట్సాప్ గ్రూపుల్లో షేర్ల చిట్కాలు తిరుగుతున్నాయి. పంపిన స్నేహితుడు మంచివాడే, అతనికి పంపినవాడెవరో అతనికే తెలియదు. ఒకే బెంచీ మీద కూర్చున్నామన్న నమ్మకంతో ఇంకొకరి లెక్క మనం సరిచూడకుండా ఉండకూడదు. చిట్కా వస్తే కోప్పడకండి, పేరు నోట్‌బుక్‌లో రాసుకుని ఆరు గడులూ నింపండి. ఖాయంగా ఇంత లాభం అని ఎవరైనా హామీ ఇస్తే మాత్రం గడులు కూడా గీయొద్దు. ఆన్‌లైన్ మోసానికి గురైతే వెంటనే 1930కి ఫోన్ చేయండి. బ్రోకరు మీదో, కంపెనీ మీదో ఫిర్యాదు ఉంటే సెబీ వారి స్కోర్స్ పోర్టల్ ఉంది.

చివరిగా సంఘానికి ఒక విన్నపం. మన బడి లైబ్రరీకి ఏటా పది కంపెనీల వార్షిక నివేదికలు ప్రింటు తీయించి ఇద్దాం. తొమ్మిదో తరగతి పిల్లలు ఇద్దరిద్దరు కలిసి ఒక కంపెనీ ఎంచుకుని, ఏడాది పాటు ఈ ఆరు గడులూ నింపాలి. రూపాయి పెట్టుబడి అక్కర్లేదు. శాతాలు, నిష్పత్తులు, వడ్డీ లెక్కలు వాళ్ల పాఠాల్లో ఉన్నవే. పద్దెనిమిదేళ్లు నిండి ఫోన్‌లో ఖాతా తెరిచే రోజుకి, కొనే ముందు రాసుకోవాలన్న అలవాటు వాళ్లకు వచ్చేసి ఉంటుంది. కాగితాల ఖర్చు మొదటి మూడేళ్లు మా బ్యాచ్ భరిస్తుంది. మాస్టార్లు ఒప్పుకుంటే వచ్చే జూన్‌లోనే మొదలుపెడదాం.