రేపటి నగరం, ఇవాళ్టి గోడలు

భవిష్యత్ నగరాల బొమ్మల్లో శూన్యంలోంచి పుట్టినవి చాలా తక్కువ. 1916లో న్యూయార్క్ ఒక నిర్మాణ నిబంధన తెచ్చింది. వీధిలోకి వెలుతురు దిగాలి కాబట్టి భవనం కొంత ఎత్తు దాటాక మెట్లు మెట్లుగా వెనక్కి జరగాలన్నది దాని సారం. ఆ లెక్కకు లోబడితే భవనం ఏ ఆకారం తీసుకుంటుందో 1922లో భవనాల చిత్రకారుడు హ్యూ ఫెరిస్ బొగ్గుతో గీసి చూపారు. మున్సిపల్ నిబంధన ఇంత అందంగా కనబడటం అరుదు. 1929లో వచ్చిన ఆయన పుస్తకం ‘ది మెట్రోపొలిస్ ఆఫ్ టుమారో’లోనూ ఆ మెట్ల మేడలే ఉన్నాయి.

జర్మన్ దర్శకుడు ఫ్రిట్జ్ లాంగ్ 1924లో అదే నగరాన్ని ఓడ మీద నుంచి రాత్రి దీపాల్లో చూశారు. ‘మెట్రోపొలిస్’ సినిమా ఆలోచన అప్పుడే తట్టిందని తర్వాత చెప్పుకున్నారు. నిజానికి కథ పని అంతకుముందే మొదలైంది. అయినా తెర మీది మేడల్లో న్యూయార్క్ పోలికలు దాగవు.

అన్నిటికన్నా ఎక్కువ నేర్పేది 1982 నాటి ‘బ్లేడ్ రన్నర్’. కథాకాలం 2019, ఊరు లాస్ ఏంజెలెస్. దర్శకుడు రిడ్లీ స్కాట్, డిజైనర్ సిడ్ మీడ్ కొత్త నగరం కట్టించలేదు. బర్బ్యాంక్ స్టూడియోలో ఉన్న పాత న్యూయార్క్ వీధి సెట్టు గోడలకే గొట్టాలు, కేబుళ్లు, గాలి యంత్రాలు తగిలించారు. పాతది కూల్చే స్తోమత లేని సమాజం దాని మీదే కొత్తది బిగిస్తుందన్నది వారి తర్కం. 1893లో కట్టిన బ్రాడ్‌బరీ భవనం తన ఇనుప మెట్లతో సహా రేపటి కథలో ఇమిడిపోయింది. మొదటి దృశ్యంలో మంటలు కక్కే చిమ్నీల వెనక, స్కాట్ ఎరిగిన ఈశాన్య ఇంగ్లండ్ రసాయన కర్మాగారాలు ఉన్నాయి.

తెలుగు సినిమా ‘కల్కి 2898 ఏడీ’ కూడా రేపటి కథకు పాత నగరం కాశీనే ఎంచుకుంది.

నేడు పట్టాలు అందుకుంటున్న డిజైన్ విద్యార్థులకు ఇలాంటి సరుకు హైదరాబాద్‌లోనే దొరుకుతుంది. మెట్రో స్తంభాల కింది నీడ, కరెంటు స్తంభానికి చుట్టుకున్న కేబుల్ చుట్టలు, పాత మేడ మీద లేచిన సెల్ టవర్. అయితే రూపాన్ని మాత్రమే ఎత్తుకొస్తే మిగిలేది నియాన్ వెలుగూ వానా. ‘బ్లేడ్ రన్నర్’ తర్వాత అవి అరిగిపోయిన సరుకు. ఏసీ పెట్టె గోడ బయటే ఎందుకుంది, దాని నీళ్లు ఎటు కారుతున్నాయి, చెడిపోతే ఎవరు ఎక్కి బాగుచేస్తారు అన్న ప్రశ్నలకు జవాబులు రాసుకున్న తర్వాతే స్కెచ్చు మొదలుపెట్టడం మంచిది.