పగలగొట్టకుండా పరీక్షించే విద్య

(తిరుమణిలో జరిగిన స్కాలర్‌షిప్పుల పంపిణీ సభలో చేసిన ప్రసంగ పాఠం)



నేను బీకాం చదివి బ్యాంకులో గుమాస్తాగా చేరి, గుమాస్తాగానే రిటైరైనవాణ్ణి. ఇంజనీరును కాను. వంతెనల పరీక్ష గురించి ఇతనేం చెబుతాడని మీకు అనిపించవచ్చు. నాకు ఈ విషయం మీద ఆసక్తి కలగడానికి రెండు కారణాలున్నాయి. ఒకటి మా బ్యాంకులోని గీటురాయి. రెండోది నేను రోజూ దాటిన ఒక మోరీ.

నగల మీద అప్పు ఇచ్చేటప్పుడు అప్రైజరు నగను కరిగించి చూడడు. గీటురాయి మీద గీస్తాడు, ఆసిడ్ చుక్క వేస్తాడు, తూకం చూస్తాడు. అప్పు తీరాక ఆ నగ చెక్కుచెదరకుండా యజమానికి చేరాలి కదా! వంతెన కూడా అంతే. విరగ్గొట్టి దాని బలం తెలుసుకుంటే, ఇక దాటడానికి వంతెనే ఉండదు. అందుకే పగలగొట్టకుండా పరీక్షించే పద్ధతులు వచ్చాయి. వీటినే నాన్ డిస్ట్రక్టివ్ టెస్టింగ్, పొట్టిగా ఎన్.డి.టి. అంటారు.

ఇది మనకు కొత్తేమీ కాదు. సంతలో కుండ కొనేటప్పుడు మన ఆడవాళ్ళు వేలితో తట్టి చూస్తారు. ఖంగుమంటే కొంటారు, పగిలిన చప్పుడు వస్తే పక్కన పెడతారు. ఇంజనీర్లు కూడా మొదట సుత్తితో తట్టే చూస్తారు. లోపల డొల్లగా ఉంటే చప్పుడు మారుతుంది.

తర్వాత రీబౌండ్ హామర్. స్ప్రింగు ఉన్న ఈ సుత్తిని కాంక్రీటుకు ఆనించి నొక్కితే, అది ఎంత వెనక్కి ఎగిరిందో అంకె చూపిస్తుంది. దాన్నిబట్టి పై పొర గట్టితనం అంచనా వేస్తారు. మూడోది శబ్ద తరంగాల పరీక్ష. ఒకవైపు నుంచి తరంగం పంపి, రెండోవైపు అది చేరిన సమయం లెక్కకడతారు. దూరాన్ని కాలంతో భాగిస్తే వేగం. ఈ లెక్క హైస్కూలు పిల్లలకూ వచ్చు. 1992 నాటి భారతీయ ప్రమాణం ప్రకారం సెకనుకు 4.5 కిలోమీటర్లు దాటితే కాంక్రీటు చాలా బాగున్నట్టు, 3 కిలోమీటర్లకు తగ్గితే అనుమానించాల్సినట్టు. లోపల పగుళ్ళు, ఖాళీలు ఉంటే తరంగం చుట్టూ తిరిగి రావాలి, అందుకే ఆలస్యమవుతుంది. లోపలి కమ్మికి తుప్పు పడుతోందా అన్నది విద్యుత్ పొటెన్షియల్ కొలిచి పసిగడతారు. రోడ్ల విషయంలో, బరువు లారీ చక్రం కింద రోడ్డు ఎంత కుంగి ఎంత లేచిందో బెంకెల్‌మన్ బీమ్ అనే పరికరంతో కొలుస్తారు.

అయితే ఒక హెచ్చరిక. ఒకసారి మా బ్రాంచిలో గీటురాయి మీద బాగా గీత పడిన గాజు ఒకటి వచ్చింది. తూకం మీద అనుమానం వచ్చి మళ్ళీ చూస్తే, పైన మందపాటి బంగారు పూత, లోపల రాగి. రీబౌండ్ హామర్ సంగతీ అంతే. పాత కాంక్రీటు గాలిలోని బొగ్గుపులుసు వాయువు తగిలి పైపైన గట్టిపడుతుంది, అప్పుడు సుత్తి ఎక్కువ అంకె చూపిస్తుంది. నిజానికి అదే మార్పు లోపలికి పాకితే కమ్మి తుప్పు పడుతుంది. అందుకే ఒక్క పరీక్షను నమ్మకూడదు.

కంటికి కనిపించనిది ఎంత ప్రమాదమో అమెరికాలో 1967 డిసెంబర్ 15న తెలిసింది. ఒహాయో నది మీది సిల్వర్ బ్రిడ్జి కూలి 46 మంది పోయారు. కారణం ఒక ఉక్కు కడ్డీలో సుమారు రెండున్నర మిల్లీమీటర్ల లోతు పగులు. ఆ తర్వాతే అక్కడ వంతెనలను క్రమం తప్పకుండా తనిఖీ చేయాలన్న నియమాలు వచ్చాయి. మన దేశంలో గుజరాత్‌లోని గంభీరా వంతెన 2025 జూలై 9న కూలి 20 మందికి పైగా చనిపోయారు. అది 1985లో కట్టినది. మరోవైపు రాజమండ్రి దగ్గర గోదావరి మీద 1900లో ప్రారంభమైన హేవలాక్ వంతెన 1997 వరకు రైళ్ళను మోసింది. కాబట్టి వయసు ఒక్కటే లెక్క కాదు, కట్టిన తీరు, చూసుకున్న తీరు కూడా లెక్కే.

పరికరాలు అన్నీ చెప్పలేవు కూడా. 2005 అక్టోబర్ 29న వలిగొండ దగ్గర వరదకు చిన్న వంతెన కొట్టుకుపోయి డెల్టా ప్యాసింజర్ పడిపోయింది, వంద మందికి పైగా చనిపోయారు. అలాంటి చోట కాంక్రీటుతోపాటు నీళ్ళ దారిని, పైన ఉన్న చెరువు కట్టను కూడా చూడాలి.

ఇక నా మోరీ సంగతి. 1990లలో నేను సైకిల్ మీద బ్రాంచికి వెళ్ళే దారిలో అది ఉండేది. అడుగున సిమెంటు రాలి, తుప్పు కమ్మి కనిపించేది. ఏడాదికేడాది ఇంకాస్త రాలేది. నేను చూస్తూనే వెళ్ళాను. లెడ్జరులో ఒక్క రూపాయి తేడా వస్తే రాత్రి ఎనిమిదైనా కదలనివాణ్ణి, ఆ కమ్మి గురించి ఒక కార్డు ముక్క రాయలేదు. మనకెందుకులే అనుకున్నాను. ఒక వానరాత్రి దాని ఒక పక్క కూలింది. తెల్లవారుజామున పాలు పోసే ఒకాయన సైకిల్‌తో సహా పడి కాలు విరగ్గొట్టుకున్నాడు. ఆయన మా బ్యాంకు ఖాతాదారుడే. ఆ తర్వాత చాలా ఏళ్ళు ఊతకర్రతో నా కౌంటరు ముందే నిలబడేవాడు. నేను ముందే చూశానని ఆయనకు ఎన్నడూ చెప్పలేకపోయాను. ఈ రోజు మీ ముందు చెబుతున్నాను.

పిల్లలూ, మన తిరుమణి 2,050 మెగావాట్ల సోలార్ పార్కుకు పేరు పొందింది. కొత్తవి కట్టేవాళ్ళు కావాలి, నిజమే. కట్టినవాటిని కనిపెట్టుకుని ఉండేవాళ్ళు అంతకంటే ఎక్కువ కావాలి. ఎస్సెల్సీ తర్వాత సివిల్ గానీ మెకానికల్ గానీ డిప్లొమా చేసినవాళ్ళు ఎన్.డి.టి.లో శిక్షణ పొంది, స్థాయిలవారీగా సర్టిఫికెట్లు తీసుకోవచ్చు. తల్లిదండ్రులారా, డిప్లొమా అంటే చిన్నచూపు వద్దు. పదిమంది ప్రాణాలు ఆ సంతకం మీద ఆధారపడతాయి.

చదువు వేరే అయినా అందరూ చేయగల పని ఒకటుంది. మోరీలో పగులు కనిపిస్తే దాని పొడవు, తేదీ నోటుపుస్తకంలో రాసుకోండి. నెల తర్వాత మళ్ళీ చూడండి. పెరిగితే, కమ్మి బయటపడితే పంచాయతీకి అర్జీ రాసి, రసీదు తీసుకోండి. రసీదు లేని జమ జమ కాదని గుమాస్తాగా చెబుతున్నాను.