వాననీటికి చోటు

తల్లిదండ్రులారా,

2015 డిసెంబరు 1వ తేదీ రాత్రి అడయారు పొంగినపుడు మనలో కొందరు తెల్లవారువరకు మేడలపైననే యుంటిమి. నాడు చెంబరంబాక్కం జలాశయమునుండి 29,000 క్యూసెక్కుల నీరు విడిచిరి. దానిపై వాదములు పెక్కు జరిగినవి. జలాశయములు, కరకట్టలు అవసరమే; నేను కాదనను. కాని జలాశయము నిండిన పిమ్మట నీరు విడువక తప్పదు. విడిచిన నీటికి చోటేది?

పూర్వులు ఈ ప్రాంతమున గొలుసుకట్టు చెరువులు నిర్మించిరి. ఒకదాని అలుగు పారిన నీరు క్రింది చెరువునకు చేరెడిది. నగరపు దక్షిణ భాగమున మిగులు నీరు పళ్ళికరణై చిత్తడినేలలో పరచుకొని, జమ్ము నడుమ వేగము తగ్గి, మెల్లగా సముద్రమునకు పోయెడిది. నేడా చిత్తడినేల పూర్వపు విస్తీర్ణములో సుమారు పదవ వంతు. తక్కినది కట్టడములకును, చెత్తకుప్పలకును పోయినది.

నేనును వేళచ్చేరిలో చవుకయని స్థలము కొంటిని. పత్రములన్నియు చూచితిని, పాత పటము చూడనైతిని. అది చెరువు గర్భమని ఇంట మోకాలిలోతు నీరు నిలిచిన పిదప తెలిసినది. భూగోళము బోధించువాడను!

తమిళమున చెరువును ‘ఏరి’ యందురు. స్థలము కొనుటకు ముందు పాత సర్వే పటమున ఆ మాట యున్నదేమో చూడుడు. వచ్చు నెల మూడవ శనివారము ఆ పటములను పాఠశాలలో నుంచెదము. సర్వే నంబరుతో రండు.