ఉమ్మడి కోడు, ఎవరి అమరికలు వారివి



అత్తిలి, తాడేపల్లిగూడెం, ఏలూరు పరిసరాల నుంచి పట్టాతో బయలుదేరే విద్యార్థి ఏ సాఫ్ట్‌వేర్ బృందంలో చేరినా తొలి వారంలో ఎదుర్కొనే చిక్కు, తోటివారి కంప్యూటర్లలో నడుస్తున్న ప్రోగ్రాం తన కంప్యూటర్లో మొరాయించడం. కారణం తరచుగా డేటాబేసు చిరునామా, పోర్టు సంఖ్య, ఏపీఐ కీ వంటి, యంత్రాన్ని బట్టి మారే విలువలలో దొరుకుతుంది. వీటినే కాన్ఫిగరేషన్ అంటారు. అత్తిలి కాలువ నీరు ఆయకట్టుకంతటికీ ఒకటే అయినా, ఏ తూమును ఎంత ఎత్తాలో చేని మెరకపల్లాలు నిర్ణయించినట్లే, కోడు బృందానికి ఉమ్మడిది, కాన్ఫిగరేషన్ ఎవరిది వారిది.

ఈ విభజన పాతదే. ప్రోగ్రాంకు బయటి నుంచి అందే పేరు, విలువల జతలను, అంటే ఎన్విరాన్‌మెంట్ వేరియబుల్స్‌ను, 1979 నాటి యూనిక్స్ ఏడవ వెర్షన్ ప్రవేశపెట్టింది. క్లౌడ్ సంస్థ హెరోకూ ఇంజినీర్ల 'ట్వెల్వ్ ఫ్యాక్టర్ యాప్' సూత్రాలు ఈ విభజనకొక పరీక్షను జోడించాయి: కోడును ఈ క్షణాన లోకానికి తెరిచిపెట్టినా ఒక్క రహస్యమూ బయటపడకూడదు. విద్యార్థుల ప్రాజెక్టులలో ఈ పరీక్ష నెగ్గేవి ఎన్నో చెప్పడం కష్టం.

ఆచరణలో ప్రతి ఒక్కరూ తమ విలువలను 'డాట్ ఈఎన్‌వీ' అనే చిన్న ఫైలులో ఉంచుకొని, దాని పేరును, కోడు మార్పులను నమోదు చేసే గిట్ అనే సాధనం పట్టించుకోకూడని ఫైళ్ల జాబితా అయిన 'గిట్‌ఇగ్నోర్'లో చేరుస్తారు. విలువలు లేకుండా పేర్లు మాత్రమే ఉన్న నమూనా ఫైలును అందరితో పంచుకుంటారు. అసలు కష్టం ఈ నమూనాతోనే వస్తుంది, ఎందుకంటే కొత్త వేరియబుల్ చేర్చినవారు నమూనాను మరచిపోతే, కాలం చెల్లిన ఆ కాగితాన్ని నమ్మి కొత్తవారు రోజంతా తడుముకుంటారు. లోపించిన వేరియబుల్ పేరును ప్రోగ్రాం మొదలవుతూనే చెప్పి ఆగిపోయేలా రాయడం దీనికి మంచి విరుగుడు.

డాట్ ఈఎన్‌వీ ఫైలును గిట్‌కు దూరంగా ఉంచడానికి బలమైన కారణం ఉంది. లినస్ టోర్వాల్డ్స్ 2005లో రూపొందించిన గిట్ గత చరిత్రనంతా దాచుకుంటుంది గనుక, ఒకసారి కమిట్ అయిన, అంటే ఆ చరిత్రలో నమోదైన, పాస్‌వర్డును మరుసటి కమిట్‌లో తుడిచినా అది పోదు. ముందుగానే గిట్ ఎరిగిన ఫైలును తరువాత గిట్‌ఇగ్నోర్‌లో చేర్చినా ఫలితం ఉండదు. 2016లో ఉబర్ సంస్థకు చెందిన ప్రైవేటు గిట్‌హబ్ రిపాజిటరీలో దొరికిన క్లౌడ్ కీతో దుండగులు సుమారు 5.7 కోట్ల మంది వివరాలను కాజేశారు. అందువల్ల బయటపడిన కీని ముందు రద్దు చేయాలి. చరిత్రను శుభ్రపరచడం తరువాతి పని.

బృందంలో చేరిన రోజునే నమూనా ఫైలును చదివి, అవసరమైన పేరేదైనా అందులో లేకపోతే పక్కవారిని అడిగి సరిపెట్టుకోకుండా, దానిని ఆ ఫైలులోనే చేర్చాలని స్నాతకులందరికీ విజ్ఞప్తి.