కియారా ఏ ఊరి పేరు?



మా మాస్టారి స్మారకోపన్యాసానికి నన్ను పిలవడం గౌరవం. తలవంచి స్వీకరిస్తున్నాను. మాస్టారి గురించి ఎక్కువ చెప్పను. ఆయన పేరు నేనెప్పుడూ పైకి పలకలేదు, ఇవాళా పలకను. గురువు పేరు నోటితో అనకూడదన్నది మా ఇంటి పెంపకం. ఆయన పాఠాలకంటే నాకు బాగా గుర్తున్నది ఆయన ఎర్రసిరా కలం. హాజరు పట్టీలో పేరు తప్పుగా పడితే పిల్లవాణ్ణి కుర్చీ పక్కన నిలబెట్టుకొని, "ఇంట్లో ఏమని పిలుస్తార్రా?" అని అడిగేవారు. విన్నాక దిద్దేవారు. కానీ దిద్దేటప్పుడు విన్న పిలుపును పక్కనపెట్టి సంస్కృత రూపమే రాసేవారు. కిష్టయ్య కృష్ణయ్య అయ్యేవాడు, లచ్చమ్మ లక్ష్మమ్మ అయ్యేది. అడిగిందొకటి, రాసిందొకటి ఎందుకు మాస్టారూ అని ఆయన ఉండగా అడగలేకపోయాను. ఇవాళ అడుగుతాను.

నామకరణం షోడశ సంస్కారాల్లో ఒకటనీ, తాతల పేర్లు, ఇలవేల్పుల పేర్లు, ఏటి పేర్లు పెట్టుకుంటామనీ మీకు నేను చెప్పనక్కర్లేదు. మనం కూర్చున్న ఈ చోటే ఒక మనిషి పేరు. 1914లో మోగల్లులో పుట్టిన అయ్యగారి సాంబశివరావు గారు 1967లో ఏర్పడిన ఈసీఐఎల్‌కు ఆద్యులు. ఆ సంస్థ ఉద్యోగులు ఇళ్ళు కట్టుకున్న కాలనీకి ఆయన పేరు పెట్టుకున్నారు. ఆటో అతనికి సాంబశివుడి అర్థంతో పని లేదు. ఏఎస్ రావు నగర్ అంటే రాధిక చౌరస్తా దగ్గర దింపేస్తాడు. పేరు ఆ పని చేస్తోంది, అంతే.

అసలు విషయానికి వస్తాను. మొన్నామధ్య ఈ కాలనీలోనే ఒక బారసాలకు వెళ్ళాను. పళ్ళెంలో బియ్యం పరిచి, బంగారు ఉంగరంతో తండ్రి పేరు రాశాడు. 'కియారా'. చివరి దీర్ఘానికి పళ్ళెంలో చోటు చాలక గింజలు కిందికి జారాయి. మామ్మగారు వంగి చూసి, "అర్థమేంటి నాయనా?" అన్నారు. "సూర్యుడి తొలి కిరణం, మామ్మా. సంస్కృతమే" అన్నాడు మనవడు. ఆవిడ నావైపు తిరిగారు. కాదని చెప్పాను. భోజనాల దాకా ఆ ఇంట్లో ఎవరూ నాతో మాట్లాడలేదు.

ఎందుకు కాదో ఇక్కడ వివరంగా చెప్పాలి, ఎందుకంటే ఈ 'తొలి కిరణం' ఇప్పుడు ప్రతి పేర్ల పుస్తకంలోకీ ఎక్కుతోంది. అమరకోశం తీయండి. కిరణానికి మయూఖం, అంశువు, గభస్తి, మరీచి, దీధితి అంటూ వరస ఉంది. అందులో కియారా లేదు. 'కిరణ' శబ్దం నుంచి వచ్చిందంటారా? ణకారం ఏమైంది? నడుమ యకారం ఎక్కడిది? ఏ ప్రాకృతంలో, ఏ సూత్రంతో ఇలా మారిందో చూపించమంటే ఇంతవరకు ఎవరూ చూపించలేదు. మొదటి అక్షరం కలిసిందని చుట్టరికం కలుపుకోవడమే ఇది. ఆ లెక్కన ఇంకా దగ్గరి మాట నేనే ఇస్తాను. సంస్కృత 'కేదారం' నుంచి హిందీలోకి వచ్చిన 'కియారీ' ఉంది. మడి, పూలపాదు అని అర్థం. చక్కని మాట, చక్కని అర్థం, వ్యుత్పత్తి కూడా గట్టిది. అయినా నేను దాన్నీ ఒప్పుకోను. పోలిక వేరు, పుట్టుక వేరు.

మరి పుట్టుక ఎక్కడ? ఐరిష్ భాషలో నలుపుకు, ముదురు వన్నెకు ఒక మాట ఉంది, 'కీర్' అని దాదాపుగా పలుకుతారు. క్లాన్‌మక్‌నాయిస్ మఠాన్ని 6వ శతాబ్దంలో నెలకొల్పిన సాధువు కీరన్ పేరు అందులోంచే వచ్చింది. 7వ శతాబ్దంలో ఒక సన్యాసిని పేరూ అదే మాట. నైరుతి ఐర్లండ్‌లోని కెర్రీ సీమ పేరు కీర్ అనే మూలపురుషుడి సంతతి నుంచి వచ్చిందని అక్కడి సంప్రదాయం. ఆడపిల్లకు పెడితే 'కీర' అంటారు. ఆ పలుకుబడితో పిలిస్తే మన కూరగాయల బండి దగ్గర ఏమవుతుందో మీకు తెలుసు. అందుకే ఆ ఉచ్చారణ మన ఇళ్ళకు రాలేదు. మనం పలికే 'కియారా' ఇటలీ పలుకుబడికి దగ్గర. అక్కడి 'క్యారా'కు మూలం వెలుగనే అర్థమున్న లాటిన్ మాట. 13వ శతాబ్దపు అసీసీ సాధ్వి పేరు అది. ఆమెను 1958లో పోప్ టెలివిజన్‌కు రక్షక సాధ్విగా ప్రకటించాడు. ఈసీఐఎల్‌లో ఈసీ టీవీలు తయారుచేసిన చేతులు ఈ సభలో ఉన్నాయి గనుక ఈ మాట చెప్పకుండా ఉండలేకపోయాను.

ఇక్కడే నాకూ మిత్రులకూ తగవు. "రెండు మూలాలున్నాయి కదా, వెలుగునే తీసుకుందాం, నలుపెందుకు?" అంటారు. వెలుగు వాళ్ళకు నచ్చింది అది ఇటలీదని కాదు, నలుపు కాదని. నా అభ్యంతరం దానికే. ద్రౌపదికి కృష్ణ అని పేరు. భారతం చెప్పిన వ్యాసుడు కృష్ణద్వైపాయనుడు. శ్యామల, నీలవేణి, నల్లయ్య, కాళి... మన పేర్లలో నలుపు ఎంతుందో లెక్కపెట్టండి. నలుపును ఇంత ముద్దుగా పిలుచుకున్న జాతి, ఐరిష్ మాటలో నలుపు కనబడగానే దాన్ని ఎందుకు చెరిపేస్తోంది? పిల్ల రంగు గురించి పెళ్ళిచూపుల్లో వినబోయే మాటకు భయపడి, బారసాలనాడే అబద్ధం రాస్తున్నాం. ఆ రోజు మామ్మగారు మజ్జిగ పోయించుకుంటూ అన్నారు: "నల్లనైతే ఏం? మా కిష్టుడు తెల్లగా ఉన్నాడా?" నేను చెప్పలేకపోయిన వాదన అదే.

ఇంతకీ ఈ పేరు మన ఇంటికి డబ్లిన్ నుంచీ రాలేదు, అసీసీ నుంచీ రాలేదు. 1998లో వచ్చిన రెండో 'లయన్ కింగ్'లో సింబా కూతురు కియారా. 2010 నాటి 'అంజానా అంజానీ'లో ప్రియాంకా చోప్రా పాత్ర కియారా. ఆలియా అద్వానీ అనే అమ్మాయి ఆ పాత్ర పేరునే తన తెరపేరు చేసుకుంది. 2018లో 'భరత్ అనే నేను'తో ఆమె తెలుగు తెరకెక్కింది. ఆ సినిమాలో ఆమె పాత్ర పేరు వసుమతి. భూమి అని అర్థమున్న పేరు. నేనడిగిన ఇళ్ళలో వసుమతి ఒక్కరూ లేరు, కియారాలు ఉన్నారు.

దీనికి పంచాంగమూ తోడైంది. మృగశిర నాలుగో పాదంలో పుట్టిన పిల్లకు నామాక్షరం 'కి'. ఆ అక్షరంతో ఆడపిల్లకు కిన్నెర, కిరణ్మయి దాటితే పేరు దొరకడం కష్టం. (ఆరుద్ర మూడో పాదంలో పుట్టిన వాళ్ళ పాట్లు ఇంకా ఎక్కువ. వాళ్ళకిచ్చిన 'ఙ'తో తెలుగులో పేరే లేదు.) ఆ ఖాళీలోకి కియారా వచ్చి కూర్చుంది.

పరాయి పేరు కదా అంటారు. నెల్లూరు, గుంటూరు పల్లెల్లో మస్తానమ్మ, హుసేనమ్మ, దస్తగిరి అన్న పేర్లున్న హిందువులు ఎంతమంది! దర్గా మొక్కు పేర్లవి. మస్తాన్‌కు పారశీకంలో అర్థమేమిటని ఏ తల్లీ అడగలేదు. మొక్కు తీరింది, పేరు పెట్టింది. ఎదురు దారిలోనూ పేర్లు నడిచాయి. ఐర్లండ్‌లో పుట్టిన మార్గరెట్ నోబుల్‌కు 1898లో వివేకానందుడు నివేదిత అని పేరు పెట్టారు. ఆ పేరు పెట్టుకున్న మన ఆడపిల్లలు ఎందరో. బెల్‌ఫాస్ట్‌లో పుట్టి మదనపల్లె కళాశాలలో పనిచేసిన జేమ్స్ కజిన్స్ తర్వాత జయరాం అయ్యారు. పేర్లు ఇలాగే ప్రయాణం చేస్తాయి. నా పట్టుదల ఒక్కటే. పేరు వచ్చిన దారి ఉన్నదున్నట్టు చెప్పాలి. ఆ తర్వాత దాన్ని మన నోటికి వంచుకునే హక్కు మనకుంది.

ఆ వంచుకోవడం మీదే ఇప్పుడు నేను పనిచేస్తున్నాను. సీతా అన్నది తెలుగులో సీత అయింది, రమా రమ అయింది. కియారా కియార కావాలి. అవుతోందా? ఇళ్ళలో విని రాసుకుంటున్నాను. ఒక ఇంట్లో కియ్యమ్మ, ఒక ఇంట్లో కియ్యూ, ఒకచోట పనిచేసే అవ్వ నోట 'కేరమ్మ'. ఇది పిలుపుల నిఘంటువు. ధ్రువపత్రంలో ఉన్న రూపం ఒక గడి, పిలిచే రూపం ఒక గడి, పిలిచేది ఎవరన్నది ఒక గడి, పెట్టిన కారణం ఒక గడి. మాస్టారు విని వదిలేసిన రూపాలకు ఇందులో సొంత గడి ఇచ్చాను. కిష్టయ్య కిష్టయ్యగానే ఉన్నాడు.

సభ అయ్యాక గుమ్మం పక్కన బల్ల దగ్గర కూర్చుంటాను. నోటుబుక్కు తెచ్చాను. మీ మనవళ్ళ, మనవరాళ్ళ పేర్లు కాగితం మీద ఎలా ఉన్నాయో కాదు, సాయంత్రం ఆటల దగ్గర్నుంచి ఇంట్లోకి ఎలా కేకేస్తారో అలా, అదే గొంతుతో చెప్పి వెళ్ళండి.